సోమ్‌జిత్ మీద గిరిజ రాసిన రివ్యూ

గిరిజ తన జీవితంలో జరగనిదాన్ని జరిగినట్టు రాసింది ఒక్కసారే. అదీ ఐదంటే ఐదు వాక్యాలు.

అమెరికాలోని పార్సిప్పనీలో ఒక ఇన్సూరెన్స్ కంపెనీకి ఆమె సాఫ్ట్‌వేర్ టెస్టర్. ఇతరులు రాసిన ప్రోగ్రాముల్లో తప్పులు వెతికి పట్టుకోవడమే పని. ఏం జరగాలి, ఏం జరిగింది, దానికి రుజువేమిటి, ఈ మూడూ చేతిలో లేకుండా ఎవరి మీదా తప్పు, వాళ్ల మాటల్లో 'బగ్', రాసేది కాదు. "గిరిజ గారు బగ్ వేశారంటే ఆర్గ్యూ చెయ్యకు, వెళ్లి ఫిక్స్ చేస్కో" అని టీమ్‌లో కొత్తగా చేరినవాళ్లకి పాతవాళ్లు చెప్పేవారు. ఆ మాట చెవిన పడ్డప్పుడల్లా ఆమెకి లోపల గర్వంగా ఉండేది.

రెండేళ్ల కిందట, ఏప్రిల్‌లో, పినతండ్రి కూతురి పెళ్లికని తొమ్మిదేళ్ల వేదని తీసుకుని విజయవాడ వెళ్లింది. భర్త రఘుకి సెలవు దొరకలేదు. తిరిగి అమెరికాలో అడుగుపెట్టాలంటే పాస్‌పోర్టు మీద కొత్త వీసా స్టాంపు పడాలి. ఇండియాలో వీసా ఇంటర్వ్యూకి తేదీలు లేవు. బ్యాంకాక్‌లో ఒకటి దొరికితే, పెళ్లయిన మూడో రోజే తల్లీకూతుళ్లు అక్కడికి బయల్దేరారు.

ఇంటర్వ్యూలో అధికారి అడిగినవి రెండే ప్రశ్నలు. పాస్‌పోర్టు తన దగ్గరే ఉంచుకుని, 'అడ్మినిస్ట్రేటివ్ ప్రాసెసింగ్', అంటే కేసు ఇంకా పరిశీలనలో ఉంది, అని రాసి ఉన్న చీటీ ఒకటి చేతికిచ్చాడు. ఎన్నాళ్లు పడుతుందంటే చెప్పలేమన్నాడు. గిరిజకి మిగిలిన సెలవు ఎనిమిది రోజులు. హోటల్ గదిలో కూర్చుని అరగంటకోసారి స్టేటస్ చూసుకోవడం తప్ప ఆమెకి ఇంకేమీ తోచలేదు.

"రూమ్‌లో కూర్చుంటే వీసా వస్తుందా? పాప బోర్ అయిపోతోంది," అన్నాడు రఘు ఫోన్‌లో. "అయుత్థయ అని ఉందట, వీళ్ల పాత రాజధాని. గంటన్నర డ్రైవ్. ప్రైవేట్ టూర్, ఫోర్ అవర్స్. నేను బుక్ చేస్తాలే."

గైడు పేరు సోమ్‌జిత్. అరవైకి దగ్గర్లో ఉన్న సన్నటి ఆడమనిషి. ప్రైమరీ స్కూల్లో టీచరుగా చేసి మానేశాక ఈ పనిలో చేరిందట. ఇంగ్లీషు పొట్టి పొట్టి వాక్యాల్లో మాట్లాడేది, కానీ ప్రతి మాటా అర్థమయ్యేది. కారు దిగగానే వేదకి గొడుగు పట్టింది.

"ఇది మీ అయోధ్య పేరే," అంది నవ్వుతూ. "నాలుగు వందల ఏళ్లు మా రాజులు ఇక్కడే ఉన్నారు. తర్వాత బర్మా సైన్యం వచ్చింది. కాల్చేసింది. మిగిలింది ఇదీ."

మిగిలింది ఇటుక. ఎండకి కాలి నల్లబడిన ఇటుక గోపురాలు, కప్పుల్లేని మండపాలు, వాటి చుట్టూ వరసగా తలలు లేని బుద్ధులు. ఒక్కో విగ్రహం ముందు వేద ఆగి, తల ఏమైందని అడిగేది. కొన్ని సైనికులు కొట్టేశారనీ, కొన్ని దొంగలు అమ్ముకున్నారనీ సోమ్‌జిత్ విసుక్కోకుండా చెప్పేది. పిల్ల ఫోటోకి నిలబడబోతే, "కూర్చో తల్లీ. బుద్ధుడి కంటే ఎత్తుగా ఉండకూడదు," అని తనూ పక్కనే గొంతుక్కూర్చుంది.

మొదటి గుడి దాటారో లేదో గిరిజ ఫోన్ మోగింది. కంపెనీ లాయరు. అతనుండేది కాలిఫోర్నియాలో, అక్కడప్పుడు సాయంత్రం. క్లయింట్ లెటర్లు కావాలన్నాడు, పాత జీతం కాగితాలు కావాలన్నాడు, అన్నీ ఇప్పుడే పంపమన్నాడు. గిరిజ ఒక గోడ నీడన రాతి మెట్టు మీద కూర్చుని ఫోన్‌లోనే కాగితాలు వెతికి పంపుతూ, మధ్యమధ్య గొంతు పెంచుతూ, ఒకసారి కళ్లు తుడుచుకుంటూ, గంటా పది నిమిషాలు అక్కడే ఉండిపోయింది.

అంతసేపూ సోమ్‌జిత్ వేదని చూసుకుంది. పల్చటి రొట్టెలో పీచుమిఠాయి చుట్టి అమ్మే బండి దగ్గరికి తీసుకెళ్లి తినిపించింది. పిల్ల నోట్‌బుక్‌లో పిల్ల పేరే థాయ్ అక్షరాల్లో రాసి దిద్దించింది. ఆమె తన ఫోన్‌ని సంచిలోంచి తియ్యనే లేదు.

రెండో గుడి చూశాక పన్నెండున్నరయింది. రాజుల సొంత గుడి, మూడు తెల్లటి స్తూపాలున్నది, ఇంకా చూడాల్సే ఉంది.

"మేడమ్, టైమ్ అయిపోయింది. డ్రైవర్‌కి ఇంకో పార్టీ ఉంది. నాకు చాలా బాధగా ఉంది," అంది సోమ్‌జిత్.

"మేమింత దూరం వచ్చిందే దానికోసం కదా!" అంది గిరిజ.

సోమ్‌జిత్ డ్రైవరుతో ఏదో బతిమాలింది. అతను గుడి పక్క రోడ్డు మీంచి కారు నెమ్మదిగా పోనిచ్చాడు. చెట్ల మీంచి మూడు మొనలు కనిపించాయి. అంతే.

ఆ సాయంత్రం లాయరు నుంచి మెయిల్ వచ్చింది. అరవై రోజులు పట్టినా పట్టొచ్చు. దాని కిందే టూర్ కంపెనీ మెయిల్: మీ అనుభవం ఎలా ఉంది? గిరిజ ఒక్క నక్షత్రం నొక్కి, కింద ఇలా రాసింది: గైడు టూర్‌ని గంట ముందే ముగించింది. ముఖ్యమైన గుడి చూపించలేదు. ఆమెకి ఇంగ్లీషు రాదు. ఎక్కువసేపు ఫోన్‌లో మాట్లాడుకుంటూ కూర్చుంది. ఈమెని ఎవరికీ సిఫారసు చెయ్యను.

పంపాక, ఆ రోజు మొదటిసారి ఆమెకి కాస్త ఊపిరాడినట్టయింది. అధికారిని ఏమీ అనలేకపోయింది, లాయర్ని ఏమీ అనలేకపోయింది. అనడానికి ఒక మనిషి దొరికింది.

వారం తిరక్కుండానే పాస్‌పోర్టు వచ్చింది. ఇంటికొచ్చి పనిలో పడింది. ఆ ఐదు వాక్యాలూ మర్చిపోయింది.

మరుసటి ఏడాది మే నెలలో, అదే అపార్ట్‌మెంట్లలో ఉండే శ్రీవిద్య టీకి వచ్చింది. వరంగల్ మనిషి, కలుపుగోలుది. వేసవిలో వాళ్లు థాయ్‌లాండ్ పోతున్నారట.

"మీరు పోయినప్పుడు గైడ్ ఎవరు గిరిజా? మంచిగ చూపించిందా?"

గిరిజ నోరు తెరిచేలోపే సోఫాలోంచి వేద అందుకుంది. "సోమ్‌జిత్ ఆంటీ! షి వాజ్ ద బెస్ట్. అమ్మ ఫోన్‌లో ఉంది, ఆంటీ నాకు ఫుల్ స్టోరీ చెప్పింది."

"అయితే ఆమెనే బుక్ చేస్త. నంబర్ ఉందా?"

 కనుక్కుని చెప్తానంది గిరిజ. శ్రీవిద్య వెళ్లాక టూర్ కంపెనీ పేజీ తెరిచింది. గైడుల ఫోటోల్లో సోమ్‌జిత్ లేదు. మెయిల్ రాసి అడిగితే మర్నాడే మర్యాదగా జవాబొచ్చింది: 'గత ఏడాది ఏప్రిల్‌లో మీరు ఇచ్చిన అభిప్రాయాన్ని తీవ్రంగా పరిగణించాం. ఆమె ఇప్పుడు మాతో పనిచేయడం లేదు. మా ప్రమాణాలు మెరుగుపడడానికి సహాయం చేసినందుకు ధన్యవాదాలు.'

ఆ ధన్యవాదాల దాకా చదివి గిరిజ మెయిల్ మూసేసింది. తను రాసిన రివ్యూ వెతికి చదువుకుంది. ఎక్కువసేపు ఫోన్‌లో మాట్లాడుకుంటూ కూర్చుంది. అలా కూర్చున్నదెవరో ఆమెకి తెలుసు.

వెంటనే రివ్యూ డిలీట్ చేసింది. చేసిన నిమిషానికి తెలిసింది, తప్పు సరిదిద్దలేదు, రుజువు చెరిపేసింది.

రఘుకి చెప్పింది. అతను లాప్‌టాప్ మీంచి తలెత్తి విన్నాడు. "ఒక్క రివ్యూకే ఎవరైనా తీసేస్తారా? ఇంకా కంప్లైంట్స్ ఉండుంటాయి. నువ్వు అనవసరంగా గిల్టీగా ఫీలవుతున్నావ్."

అతని మాట నమ్మాలని ఆమె మూడు వారాలు నిజంగానే ప్రయత్నించింది. ఆఫీసులో ఒకరోజు కొత్తగా వచ్చిన కుర్రాడి ప్రోగ్రాములో తప్పు కనబడితే, దాన్ని రాయడానికి చెయ్యి రాలేదు. నాలుగుసార్లు మళ్లీ మళ్లీ పరీక్షించింది. తప్పు అతనిదే, సందేహం లేదు. అయినా ఆ రోజు రాయకుండానే ఇంటికొచ్చేసింది.

సోమ్‌జిత్ ఫోన్ నంబరు వేద పాత నోట్‌బుక్‌లో దొరికింది. థాయ్ అక్షరాల్లో రాసిన పిల్ల పేరు కింద, ఫోటోలు పంపమని ఆ రోజు ఆమే రాసిచ్చింది. పంపలేదు. ఒక శనివారం పొద్దున ఏడింటికి, అక్కడ సాయంత్రం ఆరవుతుందని లెక్క చూసుకుని, గిరిజ వంటింట్లో తలుపు దగ్గరగా వేసుకుని ఫోన్ చేసింది.

 పేరు చెప్పగానే సోమ్‌జిత్ అడిగిన మొదటి మాట: "మీ వీసా వచ్చిందా, మేడమ్?"

గిరిజ వెళ్లి తలుపు పూర్తిగా మూసింది.

"ఆ రోజు మీరు ఏడ్చారు. నాకు గుర్తుంది. పాప చూడకుండా నేను అడ్డం నిలబడ్డాను."

"వచ్చింది," అంది గిరిజ. తర్వాత ఇక ఆపుకోకుండా చెప్పేసింది. "సోమ్‌జిత్ గారూ, నేను మీ మీద అబద్ధం రాశాను. ఫోన్‌లో ఉన్నది నేను. టైమ్ వేస్ట్ చేసింది నేను. మీరు ఏ తప్పూ చెయ్యలేదు."

  

"ఆఫీసులో దాన్ని ప్రింట్ చేసి, నాకు చదివి వినిపించారు," అంది సోమ్‌జిత్ నెమ్మదిగా. "గైడు ఫోన్‌లో ఉంది అని. నేను మాట్లాడలేదని చెప్పాను. మేడమ్ ఎందుకు అబద్ధం రాస్తుంది అన్నారు. నేనూ అదే అనుకున్నాను. అమెరికా నుంచి వచ్చిన మేడమ్, చదువుకున్న మేడమ్, ఎందుకు రాస్తుంది? అయితే నేనే మర్చిపోయానేమో. మా అమ్మ ఆఖర్లో అన్నీ మర్చిపోయింది. నాకూ మొదలైందేమో అనుకున్నాను."

గిరిజ స్టవ్ అంచు పట్టుకుంది.

"మా అమ్మాయికి చెప్పాను. డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లింది. వందలోంచి ఏడేడు తీసేస్తూ లెక్కపెట్టమన్నారు. పెట్టాను. ఏమీ లేదన్నారు. అయినా అమ్మాయి నా స్కూటర్ తాళం తీసేసుకుంది. ఏడాది నుంచి గ్యాస్ ఆపానా లేదా అని రోజూ మూడుసార్లు చూసుకుంటున్నాను. ఆ రోజుని ఎన్నోసార్లు గుర్తు చేసుకున్నాను, మేడమ్. గొడుగు గుర్తుంది. మిఠాయి గుర్తుంది. ఫోన్ మాత్రం గుర్తు రాదు."

"మీరు మర్చిపోలేదు," అంది గిరిజ. "అలాంటిదేమీ జరగలేదు. జరగనిది ఎలా గుర్తొస్తుంది?"

"మళ్లీ చెప్పండి."

"మీరు మర్చిపోలేదు."

అవతల ఊపిరి బరువుగా వినిపించింది. "కాగితం మీద రాసివ్వండి. మా అమ్మాయికి చూపించాలి. పాపకి కూడా గుర్తుంటే, పాపని కూడా రాయమనండి. ఇద్దరు చెప్తే నమ్ముతుంది."

గిరిజ సరేనంది. క్షమించమని అడిగింది.

"నాకు కోపం వస్తోంది, మేడమ్," అంది సోమ్‌జిత్. గొంతు పెంచలేదు. "ఇప్పుడే మొదలైంది. ఇన్నాళ్లూ నా మీదే ఉండేది. కొన్నాళ్లు ఉండనివ్వండి."

అలా అని ఫోన్ పెట్టేసింది.

అన్నిటికంటే కష్టమైంది వేదకి చెప్పడం. పదేళ్ల పిల్ల టేబుల్ దగ్గర పాలల్లో సీరియల్ వేసుకుని తింటోంది. గిరిజ ఎదురుగా కూర్చుని ఏదీ దాచకుండా చెప్పింది. వేద స్పూన్ గిన్నెలోనే వదిలేసింది.

"బట్ యూ వర్ ఆన్ ద ఫోన్, అమ్మా."

"అవును."

"అది నీకు తెలుసు. తెలిసే రాసావ్?"

"తెలిసే రాశాను. అప్పుడు చాలా భయంగా ఉంది నాన్నా. మనం ఇంటికి రాలేమేమో అని..."

"ఆంటీకి కూడా స్కేరీగా ఉంటది కదా," అని వేద లేచి తన గదిలోకి వెళ్లింది. మధ్యాహ్నం దాకా బయటికి రాలేదు. వచ్చినప్పుడు చేతిలో కాగితం ఉంది. ఆ రోజు ఏం తిన్నారో, ఏ అక్షరం ముందు నేర్చుకుందో, గొడుగు ఏ రంగో, అన్నీ వరసగా ఇంగ్లీషులో రాసింది. చివర, 'ఆమె ఒక్కసారి కూడా ఫోన్ తీయలేదు. మా అమ్మ తీసింది' అని ఉంది. గిరిజ అందులో ఒక్క మాట కూడా మార్చమనలేదు.

తన ఉత్తరం, పిల్ల ఉత్తరం, రెండూ సోమ్‌జిత్‌కి పంపింది. టూర్ కంపెనీకి జరిగింది జరిగినట్టు రాసి, పేజీలో తన పేరుతోనే పెట్టమంది. మొదట 'మీ సందేశం అందింది' అని మాత్రం జవాబొచ్చింది. ఆమె వదల్లేదు, నాలుగు మెయిళ్లు రాసింది. ఐదో వారంలో పెట్టారు. సోమ్‌జిత్‌ని మళ్లీ పనిలోకి పిలిచారు కూడా.

ఆమె వెళ్లలేదు. ఆగస్టులో చిన్న మెసేజ్ వచ్చింది, గిరిజకి కాదు, వేదకి. ఉత్తరాలు అమ్మాయి చదివిందనీ, స్కూటర్ తాళం ఇచ్చేసిందనీ, తను ఇప్పుడు ఇంటి దగ్గరే పిల్లలకి పొద్దున పూట పాఠాలు చెప్తున్నాననీ, ఇక ఆ ఎండలో తిరగలేననీ. గిరిజ గురించి అందులో ఏమీ లేదు. ఆమె దాన్ని రెండుసార్లు చదివి ఫోన్ పిల్లకి తిరిగి ఇచ్చింది.

రఘు అన్నాడు, "చూశావా, ఆల్ ఈజ్ వెల్. ఇంక వదిలెయ్." గిరిజ వదల్లేకపోయింది. ఆ మనిషి తన బుర్రనే తను నమ్మకుండా గడిపిన ఏడాది ఎక్కడికి పోతుంది?

మొన్న అక్టోబరులో, స్కూల్ నుంచి వేదని తీసుకొస్తూ గిరిజ కారు పార్క్ చెయ్యబోతే, తన స్థలంలో ఇంకొకరి కారు సగం లోపలికి వచ్చి ఉంది.

"కింద ఫ్లాట్ అంకుల్ పనే ఇది. ఎప్పుడూ ఇంతే," అంది విసుగ్గా.

వెనక సీట్లోంచి వేద అడిగింది. వెక్కిరింపుగా కాదు, మామూలుగానే. "అమ్మా, నువ్వు చూశావా? లేక అనుకుంటున్నావా?"

గిరిజ అద్దంలోంచి పిల్లని చూసింది.

"లేదు," అంది. "చూడలేదు."

కారు వెనక్కి తీసి, రోడ్డు అవతల ఖాళీ ఉన్నచోట పెట్టింది.