రాళ్ల నేల మీద ఇద్దరం

కరీంనగర్‌లో నేనూ నా స్నేహితుడూ ఒకే హాస్టల్లో ఉండి చదివాం. అక్కడ ఒక సోవియట్ పత్రికలో ఫోటో చూశాం. బీడు భూముల్లో గుడారాలు వేసుకుని, నవ్వుతూ ట్రాక్టర్లు నడిపే మా ఈడు పిల్లలు. అక్కడికి పోయే దారి మాకు లేదు. ఒమాన్‌లో కొత్త నేల సాగులోకి తెస్తున్నారని ఏజెంటు చెబితే, ఇదీ అలాంటి పనే అనుకుని బయల్దేరాం.

ఆ నేల రుస్తాఖ్ అనే ఊరు దాటాక ఉంది. నేల అనడం మర్యాదకే, అంతా రాళ్లు. గడ్డపారతో పెకలించడం, గంపకెత్తడం, గట్టున పోయడం. వారానికే అరచేతులు బొబ్బలెక్కి పగిలాయి. అయినా పని చేస్తూ ఆ ఫోటోలోని పిల్లల గురించే మాట్లాడుకునేవాళ్లం.

మా ఫోర్‌మన్ కడప ముస్లిం. తెలుగు బాగా వచ్చు. మేం మాటల్లో ఉంటే దగ్గరికొచ్చి నిలబడేవాడు. జేబులోంచి చిన్న నోటుబుక్కు తీసి ఏదో రాసుకునేవాడు. ఆ దేశం దక్షిణ భాగంలో అప్పుడు కమ్యూనిస్టు తిరుగుబాటుదార్లతో యుద్ధం సాగుతోంది. కమ్యూనిస్టు అన్న మాట వినబడితే చాలు, మనిషిని తిప్పి పంపేస్తారని రూమ్‌లో చెప్పుకునేవారు. నా స్నేహితుడు ఊరి నుంచి తెచ్చి పెట్టె అడుగున దాచుకున్న ఆ పత్రికను చింపి పొయ్యిలో వేశాడు. సైట్‌లో మాటలు మానేశాం.

ఒకరోజు ఫోర్‌మన్ నన్ను పక్కకు పిలిచి, ఊళ్లో మీరు ఏ పార్టీలో తిరిగేవారని అడిగాడు. ఏ పార్టీ లేదన్నాను. నా స్నేహితుడు అది దూరం నుంచి చూశాడు. అన్నం దగ్గర నా మొహంలోకి చూడకుండా అడిగాడు.

"నా గురించి ఏం చెప్పినవ్?"

"ఏం చెప్పలే. ఒట్టు."

"మరి గంతసేపు ఏం మాట్లాడిన్రు?"

ఉన్నదున్నట్టు చెప్పాను. వాడు నమ్మలేదు. నెల తిరక్కముందే మత్రా రేవు పట్నంలో బిల్డింగు పనికి మార్పించుకుని వెళ్లిపోయాడు.

ఇక పోగొట్టుకునేదేముందని, ఆ బుక్కులో ఏం రాస్తారని ఫోర్‌మన్‌నే అడిగేశాను. ఆయన నోటుబుక్కు నా చేతికిచ్చాడు.

"చూడప్పా. యాడ మన్ను లోతుందో గీసుకుంటాండా. మీరు తవ్వినకాడే కదా నాకు తెలిసేది."

నిజంగానే పేజీల నిండా ఆ నేల బొమ్మలు, పక్కన మన్ను లోతు మూరల్లో. తర్వాత ఆ గుర్తులున్న చోటే పశువుల గడ్డి విత్తనం చల్లాం. అక్కడే మొలిచింది. మరి పార్టీ సంగతి ఎందుకడిగాడో ఆయన చెప్పలేదు, నేనూ అడగలేదు.

నాకు సెలవున్న ఒకరోజు మత్రాకు వెళ్లి ఇదంతా స్నేహితుడికి చెప్పాను. వాడు టీ తాగుతూ చివరిదాకా విన్నాడు.

"నీకు చూపెట్టింది గా ఒక్కటే," అన్నాడు. "ఇంకో బుక్కు లేదని నీకెట్ల ఎరుక?"

డ్యూటీ ఉందని వాడు లేచాడు. మరో రెండేళ్లు ఇద్దరం ఆ దేశంలోనే ఉన్నాం గానీ మళ్లీ కలవలేదు. నేను ఆ ఫోర్‌మన్ దగ్గరే పని చేశాను. ఆయన కూర్చున్న చోట మాత్రం ఊరి సంగతులు ఎప్పుడూ ఎత్తలేదు.