మూడో పిలుపు

హోసూరులో మా ఆఫీసు క్వార్టర్సు వాళ్లకు నేను ఏడో నంబరమ్మను. ఆఫీసులో ముప్పై ఏళ్లు టైపిస్టమ్మనే. పేరు పెట్టి పిలిచే మనిషి నా భర్త ఒక్కడే. ఆయన ఆ ఇంట్లోనే పోయాడు.

రిటైరయ్యాక ఖాళీ చేయడానికి ఇచ్చిన గడువు దాటింది, నోటీసు వచ్చింది. అలాంటి నోటీసులు ఎంతమందికో నా చేత్తోనే టైపు చేశాను. ఒక్కరి ముఖమూ గుర్తుపెట్టుకోలేదు. ఇప్పుడు నా దాకా వచ్చేసరికి ఒళ్లు మండింది. న్యాయం నావైపు లేదని తెలుసు. అయినా ఆయన తిరిగిన ఇల్లు వదిలి పోబుద్ధి కాలేదు.

తెలిసినవాళ్ల అబ్బాయే లాయరు. హోసూరు కోర్టులో కేసు వేశాడు. దీన్ని వినే అధికారం మాకు లేదు, కృష్ణగిరికి పొమ్మన్నారు. కృష్ణగిరిలో ఆఫీసు తరఫు లాయరు లేచి, ఇక్కడ కూడా చెల్లదన్నాడు. ఏ కోర్టుదో తేలేదాకా నన్ను కదపకూడదని ఉత్తర్వు వచ్చింది. అది ఎప్పటికీ తేలకూడదని దేవుడికి మొక్కుకొన్నాను.

ప్రతి వాయిదాకూ పొద్దున్నే బస్సెక్కేదాన్ని. సూళగిరి దాటాక ఇడ్లీ పొట్లం విప్పి తినేసి, అందరికన్నా ముందు వెళ్లి కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చునేదాన్ని. అప్పటికే మా వరసలో ఇళ్లన్నీ ఖాళీ అయ్యాయి. వారాలు గడిచినా నా గడప తొక్కే మనిషి లేడు.

కోర్టులో మాత్రం బంట్రోతు వాకిట్లో నిలబడి నా పేరు, ఇంటిపేరుతో సహా, గట్టిగా మూడుసార్లు పిలిచేవాడు. మొదటి పిలుపుకే లేవచ్చు. లేచేదాన్ని కాదు. మూడోదీ విన్నాకే చీర సర్దుకొని తీరిగ్గా లేచేదాన్ని. సిగ్గు విడిచి చెప్తున్నాను, ఆ పిలుపు కోసమే వాయిదా రోజు ఎప్పుడొస్తుందా అని ఎదురుచూసేదాన్ని.

చివరి వాయిదా నాడు లాయరుకు హోసూరులో వేరే కేసు పడింది. పిలవగానే లేచి ఇంకో వాయిదా అడగమని నాకు చెప్పాడు. ఆ రోజు బంట్రోతు కొత్తవాడు. రెండుసార్లు పిలిచి, లోపలికి వచ్చి, మనిషి రాలేదన్నాడు. నేను లేచి ముందుకు నడిచేసరికి తరువాతి కేసు మొదలైంది. నాది కొట్టేశారు.

బస్టాండు నుంచి లాయరుకు ఫోను చేశాను. అతనికి కోపం రాలేదు. మళ్లీ అర్జీ పెట్టుకోవచ్చు, కానీ రాకపోవడానికి కారణం రాయాలన్నాడు.

"పిలిచినప్పుడు యాడికి పోయినారమ్మా?"

"యాడికీ పోలేదప్పా, ఆడే కూర్చోని ఉన్నాను," అన్నాను. "ఇంకోసారి పిలుస్తాడు అనుకొన్నాను."