మామకు పడని ఎల్లిపాయ

మా పక్క ఖోలీ గదిలో ఉండే మామ పోయిన మంగళవారం పొద్దున కనుమూశాడు. ఆస్పత్రి కాగితంలో పత్తి దుమ్ము వల్ల వచ్చిన దగ్గు అని రాశారు. మా కనేరి పేటలో సాంచాలు, అదే మరమగ్గాలు, నడిపినవాళ్లకు ఆ మాట కొత్త కాదు కనుక ఎవరూ మారు అడగలేదు. అడగాల్సినవాణ్ణి నేను.

మామ ఎల్లిపాయ ముట్టడు. వడాపావ్ అంటే ప్రాణం, కానీ లోపలి ఎల్లిపాయ చట్నీని కాగితంతో తుడిచి తుడిచి తినేవాడు. "మామ సామి అయిండు" అని కార్ఖానా అంతా ఆటపట్టించేది. "అయిన తియ్యుండ్రి, దండం పెట్టుండ్రి" అని తానూ నవ్వేవాడు.

మా వాడలో సాంచా దగ్గుకు ఒకటే మందు, పాలల్లో ఉడికించిన ఎల్లిపాయ. అమ్మ గ్లాసు పట్టుకుని వెంటపడేది. "తాగు తమ్మీ, దుమ్మంత దిగుతది." ఒకరోజు నేను మామ చేతులు పట్టుకున్నాను, అమ్మ పోసింది. మామ బయటికి ఉరికి, మోరీ కాలువ దగ్గర కూలబడి కక్కాడు. ఛీ, ఎంత నవ్వుకున్నామో!

ఆ సాయంత్రమే నాకు చెప్పాడు. వయసులో ఉన్నప్పుడు ఇరాక్‌లో రోడ్డు పనికి పోయాడట. అప్పుడు పక్క దేశంతో లడాయి నడుస్తోంది.

"బాంబులు పడ్డయి, పెద్దగ చప్పుడు సుత లేదు. గాలి మా దిక్కు మళ్లింది. ఒకటే ఎల్లిపాయ వాసన. ఎవలో వంట చేస్తున్నరనుకున్నం అల్లుడా. పొద్దుగూకేసరికి కండ్లు కానరాలె, ఒళ్లంత బొబ్బలు." దగ్గి, మళ్లీ అన్నాడు. "ఇది దుమ్ము దగ్గు గాదు. నేను చెప్తే డాక్టర్ నవ్విండు. సదువుకున్నోనివి, నువ్వొచ్చి చెప్పు."

"ఎప్పటి లడాయి మామా! సరే, పోదాం తియ్" అన్నాను. పోలేదు. రెండేళ్లు గడిచాయి. మామ మళ్లీ అడగలేదు. అడిగిందే అడిగితే మాట పలుచనైతది అనేవాడు.

ఆయన పోయాక చదివాను. మొదటి ప్రపంచ యుద్ధంలో వాడి, తర్వాత దేశాలు కూడి వద్దని రాసుకుని, మళ్లీ వాడిన విషవాయువట అది, ఎల్లిపాయ వాసనే కొడుతుందట. ఊపిరితిత్తులను కాలిస్తే ఆ దెబ్బ దశాబ్దాలైనా వదలదట. అమ్మకు చెబితే నెత్తి కొట్టుకుంది. "అయ్యో, గా వాసన నా చేతులతోనే గొంతుల పోస్తిని గదరా!" నేను డాక్టర్‌కు చెప్పి ఉంటే మామ బతికేవాడో లేదో తెలియదు. ఆయన మాట నిజమని ఒక కాగితం మీదైనా ఉండేది.

మూడో రోజు మామ పేరున పిట్టకు పెట్టాం. మామకు ఇష్టమైనవన్నీ విస్తరిలో వడ్డించారు. ఎవరో వడాపావ్ తెచ్చారు, చట్నీతోనే. అమ్మ నా వైపు చూసింది. పావ్ విప్పి, చట్నీ అంతా వేలితో తుడిచి పెట్టాను. కాకి వచ్చి తిన్నది. ఇంటికొచ్చి సబ్బుతో మూడుసార్లు చెయ్యి కడుక్కున్నాను. వేలికి వాసన ఇంకా ఉంది.