హంపమ్మకు వచ్చిన అయిదో మాట

కల్లూరులో షేర్ ఆటోలు ఆగేచోట పొద్దున ఆరున్నరకల్లా హంపమ్మ బండి చుట్టూ జనం చేరతారు. ఉగ్గాని, మిరపకాయ బజ్జీ. అంతే, మూడో పదార్థం లేదు. ఇడ్లీ పెట్టమని అడిగినవాళ్లున్నారు, దోసె వేస్తే బాగా పోతుందని సలహా ఇచ్చినవాళ్లూ ఉన్నారు. "ఇడ్లీ ఎదురు సందులో ఉండాది, పోయి తిను. ఈడ ఉగ్గానే" అంటుంది. ఆ మాటకు ఎవరూ నొచ్చుకోరు. నానిన బొరుగులు పిండి, తాలింపులో వేసి, పైన పుట్నాల పొడి చల్లి ఆమె కలిపే తీరు చూస్తే, ఇంట్లో తిని వచ్చినవాడికి కూడా మళ్లీ ఆకలేస్తుంది.

అలాంటి మనిషి ఈ ఏడు శ్రమదినాల్లో ఉపవాసం పట్టింది. ఈస్టరుకు ముందు వచ్చే ఆ నలభై రోజులూ పొద్దున లేచింది మొదలు సాయంత్రం ప్రార్థన అయ్యేదాకా మంచినీళ్లు కూడా ముట్టకూడదని వాళ్ల సంఘంలో పట్టింపు. ఊరందరికీ వండి పెడుతూ తాను నోరు కట్టుకోవడమంటే మాటలా? పైగా ఇంకో చిక్కు, ఉప్పు చూడటానికి లేదు. మొదటి రోజు ఉగ్గాని నోట పెట్టలేని ఉప్పు. రెండో రోజు చప్పిడి. మూడో రోజు ఆటో నడిపే ఈరేష్‌ను పిలిచి కొలువు ఇచ్చింది.

"ఈరేషా, ఈస్టరు దాకా నువ్వే నా నాలిక. ఉప్పు చూసి చెప్పప్పా."

"జీతమేమిస్తావక్కా?"

"రెండు బజ్జీలు."

"మూడియ్యి. నీళ్లు కూడా తాగకుండా ఎట్ల ఉంటావక్కా? మేమూ కార్తీక సోమవారాలు ఉంటాం, పాలు పండ్లు తింటాం. మీ దేవుడు శానా కఠినం."

"దేవుడు కాదప్పా, మా సంఘం" అంది హంపమ్మ. అని, ఎవరైనా విన్నారేమోనని అటూ ఇటూ చూసింది.

వీళ్లిద్దరి పరిచయం బజ్జీలతో మొదలైంది కాదు. అయిదేళ్ల కిందట హంపమ్మ ఆర్నెల్లు గోడవైపు తిరిగి పడుకుంది. ఇంట్లో చావు లేదు, మొగుడు యేసుప్రసాద్ చెడ్డవాడూ కాదు. బండల పాలిష్ ఫ్యాక్టరీలో పని, జీతం తెచ్చి చేతిలో పెట్టే మనిషి. ఏ కారణమూ లేకుండానే ఆమెకు లేవబుద్ధి కాలేదు, తినబుద్ధి కాలేదు. నూనె రాసి ప్రార్థన చేశారు. అత్త ఎవరికీ చెప్పకుండా దర్గాకు తీసుకుపోయి తాయెత్తు కట్టించింది. చివరికి పక్కింటి ఈరేష్ ఆటో ఎక్కించి పెద్దాసుపత్రికి తీసుకుపోయాడు. అక్కడి డాక్టరమ్మ ఇది మనసుకు వచ్చే జబ్బని, బీపీకి వాడినట్టే దీనికీ మందు వాడాలని చెప్పింది. రోజుకొక మాత్ర, పొద్దున టిఫిన్ తిన్నాక. రెండు నెలలకు హంపమ్మ లేచి కూర్చుంది. ఆర్నెల్లకు బండి పెట్టింది.

సంఘంలో మాత్రం కథ వేరేగా నడిచింది. బాగై గుడికి వచ్చిన ఆదివారం పాస్టరు ఏసుకుమార్ అయ్యగారు ఆమెను ముందుకు పిలిచి, "మన ప్రార్థన ప్రభువు విన్నాడు" అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. మాత్రల సంగతి చెప్పడానికి హంపమ్మ నోరు తెరిచేలోపే పాట ఎత్తుకున్నారు. ప్రార్థన విన్న మాట అబద్ధం కాదు గదా అని ఊరుకుంది. ఊరుకున్నది అయిదేళ్లు ఊరుకుంది. ఇంట్లో కూడా అవి నరాల మాత్రలనే చెప్పింది. నెలకోసారి బుధవారం ఈరేష్ ఆటోలో పోయి తెచ్చుకుంటుంది.

ఇక ఈ ఉపవాసం ఎందుకంటారా? బాగైనందుకు కృతజ్ఞత! తిన్నాక వేసుకోవాల్సిన మాత్ర, తినని రోజున ఎట్లా వేసుకోవాలి? పొద్దున మాత్ర సాయంత్రం వేసుకోవచ్చో లేదో ఎవరిని అడగాలి? అడిగితే మాత్రలున్నట్టు తెలిసిపోతుంది. అందుకని మొత్తానికే మానేసింది. లోపల ఇంకో ఆశ కూడా ఉంది. ఈ నలభై రోజులు మాత్ర లేకుండా గడిచిపోతే, ఆ ఆదివారం కొట్టిన చప్పట్లు నిజమైపోతాయి. ఇక దాచేదేమీ ఉండదు.

రెండు వారాలు బాగానే గడిచాయి. హంపమ్మకు కాస్త గర్వం కూడా వచ్చింది. మూడో వారం నిద్ర కరువైంది. నాలుగో వారం ఏడుపు వచ్చింది. సాయంత్రం ప్రార్థనలో మోకాళ్లూనితే చాలు, కన్నీళ్లు ధారగా కారేవి. ఆపుదామన్నా ఆగేవి కావు. చూసినవాళ్లు ముక్కున వేలేసుకున్నారు. అయ్యగారి భార్యను సంఘంలో అందరూ అమ్మగారు అంటారు, ఆమె అయితే అందరి ముందూ, "హంపమ్మకు ప్రార్థన భారం ఇచ్చినాడు ప్రభువు" అంది. అందరి కోసం కన్నీళ్లతో వేడుకునే వరమని అర్థం. జబ్బు తిరగబెడుతుంటే భక్తి ముదిరిందనుకున్నారు! ఎవరిని తిట్టాలి? హంపమ్మే అలా నమ్మాలని చూస్తోంది మరి.

దాంతో గుడ్ ఫ్రైడేకు ఆమెకు అయిదో మాట ఇచ్చారు. సిలువ మీద ప్రభువు పలికిన ఏడు మాటల మీద ఆ రోజు పన్నెండు నుంచి మూడు దాకా ఏడుగురు మాట్లాడతారు. పెద్ద మాటలు సంఘ పెద్దలకు పోతాయి. అయిదోది దాహమైందని అడిగిన చిన్న మాట గనుక ఆడవాళ్లకు ఇస్తారు. చిన్నదో పెద్దదో, మాట మాటే. యేసుప్రసాద్ సంబరపడి తెల్ల చీర కొన్నాడు. మాట్లాడాల్సింది రెండు పేజీలు తానే రాసిచ్చాడు.

అయిదో వారం చివర ఒక మంగళవారం ఈరేష్ ఉప్పు చూడటానికి వచ్చేసరికి బాణలిలో నూనె పొగలు కక్కుతోంది. హంపమ్మ దాని ముందే నిలబడి చూస్తోంది. చేతిలో పిండిలో ముంచిన మిరపకాయ, పిండి కారి చీర మీద పడుతోంది. ఈరేష్ పరుగున పోయి స్టవ్ ఆపాడు.

"ఏమైందక్కా?"

"ఏం లేదప్పా. ఏంటికి వేయాల అని చూస్తాండా."

"ఏంటికేంది, బజ్జీకి!"

"అదే. బజ్జీ ఏంటికి? రేపు ఏంటికి?"

ఈరేష్‌కు నవ్వు రాలేదు. అయిదేళ్ల కిందట గోడవైపు తిరిగి పడుకున్నప్పుడు విన్న గొంతు ఇదే. పోయిన నెల ఆసుపత్రికి పోదామంటే "ఉండాయిలే" అన్నది కూడా గుర్తొచ్చింది. నెల మాత్రలు రెండు నెలలు ఎట్ల వస్తాయి?

"మాత్రలు మానేసినావా?"

హంపమ్మ తల వంచుకుంది. "మళ్లీ పడుకుంటే నేను లేయలేనప్పా. ఈసారి లేయను" అంది. ఆమెకు భయమేసింది. ఈరేష్‌కు అంతకంటే భయమేసింది.

మర్నాడు బుధవారం. డాక్టరమ్మ అంతా విని పెన్ను కింద పెట్టింది. "రంజాన్‌కు ముందు నా దగ్గరికి ఎంతమంది వస్తారో తెలుసా? మాత్ర ఏ వేళకు మార్చుకోవాలని అడుగుతారు, చెప్తాను. నువ్వెందుకు అడగలేదు?"

"అడిగేదానికి సిగ్గయిందమ్మా."

"ఈ ఏడు ఉపవాసం వద్దు. పొద్దున తిను, మాత్ర వేసుకో. నువ్వే ఇష్టమొచ్చినట్టు మానొద్దు. మనసు తేరుకోవడానికి మూడు నాలుగు వారాలు పడుతుంది. ఈలోపు ఒంటరిగా ఉండకు. చెడ్డ ఆలోచన వస్తే వెంటనే వచ్చెయ్."

తిరుగుదారిలో ఆటోలో హంపమ్మ గొణిగింది. "మూడు నాలుగు వారాలంట. ప్రభువు మూడో దినానికే లేచినాడు."

"ఆయన దేవుడక్కా. నువ్వు ఉగ్గాని అమ్ముకునేదానివి."

చాలా రోజుల తర్వాత ఆమె మూతి కొంచెం కదిలింది. దాన్ని నవ్వనాలంటే అనవచ్చు.

ఆ మర్నాటి నుంచి బండి వెనక అటు తిరిగి రెండు ముద్దలు తినడం, మాత్ర వేసుకోవడం. ఉప్పు తానే చూసుకోవచ్చు, కానీ సంఘం వాళ్లకు అనుమానం రాకుండా ఈరేష్ కొలువు అలాగే ఉంచింది. మూడు బజ్జీలకు అతడూ అభ్యంతరం చెప్పలేదు.

గుడ్ ఫ్రైడే రోజు బండి లేదు. ఇంట్లో మొగుడూ అత్తా ఉపవాసం. వాళ్ల ముందు తినడానికి ధైర్యం చాలక, మాత్ర కొత్త చీర కొంగుకు ముడేసుకుని గుడికి వచ్చింది. రేకుల కప్పు కింద ఎండ మాడ్చేస్తోంది. నాలుగో మాట మాట్లాడిన సంఘ పెద్ద నలభై నిమిషాలు వదల్లేదు. తర్వాత హంపమ్మను పిలిచారు.

యేసుప్రసాద్ రాసిచ్చిన కాగితాలు విప్పింది. అక్షరాలు అలుక్కుపోయినట్టు కనిపించాయి. మడిచి పక్కన పెట్టింది.

"నాకు రాసుకున్నది చదవను రాలేదు. ఒకటే చెప్తా. అంత నొప్పిలో కూడా ప్రభువు దాహమైందని అడిగినాడు. దేవుడై ఉండి అడిగినాడు. సిగ్గుపళ్లేదు. నేను అడగలేదు. నాకు అయిదేండ్ల నుంచి మనసు జబ్బుండాది. మాత్రలేసుకుంటాండా. మీరందరూ ప్రార్థనతోనే బాగైందంటే గమ్మునున్నా. మీ ప్రార్థనా ఉండాది, మాత్రా ఉండాది. ఉపవాసమని మాత్ర మానేసినా. నేను ఏడ్చింది భారం కాదమ్మా, జబ్బు." కొంగు ముడి విప్పింది. "ఈ పొద్దు మాత్ర ఇంకా వేసుకోలేదు. మీకు భయపడి. ఎవరన్నా నీళ్లిస్తారా?"

ఎవరూ కదల్లేదు. యేసుప్రసాద్ నేలచూపులు చూశాడు. సంఘ పెద్ద గట్టిగా దగ్గాడు. అయ్యగారు గొంతు కోసం వేదిక కింద పెట్టుకునే నీళ్ల సీసా సంగతి అందరికీ తెలుసు, ఆ క్షణాన ఆయనకు మాత్రం గుర్తు రాలేదు.

ఆడవాళ్ల వైపు నుంచి అమ్మగారు లేచింది. పక్క గదిలోకి పోయి, ఆరాధన అయ్యాక అందరికీ పోయడానికి కాచిన అంబలి గ్లాసుడు, ఇంకో చేత్తో నీళ్ల చెంబు తెచ్చింది. మూడింటిదాకా ఎవరూ ముట్టని అంబలి అది.

"ముందు ఇది తాగు. ఉత్త కడుపున వేసుకుంటే తిప్పుతాది" అంది.

హంపమ్మ తాగింది. అందరూ చూస్తుండగా మాత్ర మింగి, గ్లాసు ఇచ్చి, తన చోట కూర్చుంది. యేసుప్రసాద్ లేచి ఆడవాళ్ల వరుస చివరకు వచ్చి, ఆమె వెనకాల నేల మీద కూర్చున్నాడు. మగమనిషి అటు వైపు కూర్చోవడం ఆ గుడిలో అదే మొదలు. అయ్యగారు ఆరో మాటను పిలిచాడు.

శనివారం పొద్దున బండి పెట్టింది. మనసు ఇంకా బరువుగానే ఉంది, డాక్టరమ్మ చెప్పిన వారాలు గడవాలి గదా. అయినా అందరి ముందూ ఉగ్గాని నోట్లో వేసుకుని తానే ఉప్పు చూసింది. కొలువు పోయిన ఈరేష్ ముఖం మాడ్చుకుని మూడు బజ్జీలూ తీసుకున్నాడు.

జనం పలచబడ్డాక అమ్మగారు వచ్చింది. బండి పక్కన నిలబడి కొంగు సర్దుకుంటూ ఉండిపోయింది. నిన్నటి నుంచి హంపమ్మ బుర్రను తొలుస్తున్న ప్రశ్న ఒకటుంది. ఉత్త కడుపున తిప్పుతుందని ఈమెకు ఎట్లా తెలుసు?

అడగాల్సిన పని లేకపోయింది. "నేను మూడేండ్ల నుంచి కడప ఆసుపత్రికి పోతాండా హంపమ్మా" అంది అమ్మగారు మెల్లగా. "చెల్లెలింటికని చెప్పి. ఆడైతే నన్నెవరూ గుర్తుపట్టరని. నీ ఏడుపు ఏందో నాకు తెలుసు. తెలిసి కూడా భారమన్నా. నన్ను మన్నించు."

హంపమ్మకు ఏడుపొచ్చింది. ఈసారి వచ్చిన ఏడుపు వేరు, ఆ తేడా ఆమెకు తెలుసు. కళ్లు తుడుచుకుని గరిటె అందుకుంది.

"అంత దూరం ఏంటికమ్మా? ఈడ పెద్దాసుపత్రికి ఆటోలో పోతే పది నిమిషాలు. బుధవారం ఎనిమిదికి రాండి, కలిసి పోదాం. తినేసి రావాల."

"ఈడే తింటాలే" అంది అమ్మగారు, ప్లేటు అందుకుంటూ.