ఏటి ఇసుక

అట్లాంటా ఎయిర్‌పోర్టులో పక్క సీటు అమెరికన్ ముసలావిడ ఒక జిప్‌లాక్ కవరు నా చేతిలో పెట్టి, "ఒక్క నిమిషం పట్టుకో నాయనా" అని రెస్ట్‌రూమ్‌కి వెళ్లింది. లోపల బూడిదరంగు పొడి. పరిచయం లేనివాళ్ల సామాన్లు తీసుకోవద్దని మైకులో ఒకటే మోత. అసలే వీసా మీదున్నవాణ్ణి. కుక్కతో పోలీసు ఇటే వస్తున్నాడు. అస్థికలేమోనని కింద పెట్టడానికీ మనసొప్పలేదు.

ఆవిడ తిరిగొచ్చి నా మొహం చూసి నవ్వింది. "మా ఇంటి వెనక ఏటి ఇసుక. నేను పుట్టకముందే నాన్న యుద్ధంలో పోయాడు. ఇటలీలో, సైనికుల శ్మశానంలో ఉన్నాడు. ఇప్పుడు అక్కడికే వెళ్తున్నా. సమాధి తెల్లరాయి మీద చెక్కిన పేరు ఫొటోలో పడదట. అక్షరాల్లో తడి ఇసుక రుద్దితే కనిపిస్తుందట."

"తర్వాత?"

"వాన పడితే పోతుంది."

నాకు ఇటలీలో ఎవరూ లేరు. అయినా ఫోన్‌లో అక్కడి వెదర్ చూస్తుంటాను.