మంచం కింది మూటలు

శాండీఫోర్డ్‌లో మా ఫ్లాటు వంటింటి అలమర, ఈ పరాయి దేశంవాళ్ల మాటలో ప్రెస్, తలుపు తీస్తే చాలు, వారం రోజులుగా గోనెసంచి వాసన గుప్పుమంటోంది. లెపర్డ్స్‌టౌన్ ఆఫీసులకు జనం పెరిగి ఇళ్లు కరువయ్యాయి కదా, ఎదురింటి శ్రావణి లీజు అయిపోయి, ఇంకో ఇల్లు దొరికేదాకా అని తన బియ్యం బస్తా మా ఇంట్లో పెట్టిపోయింది. బయట ముసురు, లోపల ఆ వాసన. నేను మాత్రం కనిగిరి పక్కన మా ఊళ్లో, సుభద్రత్త రేషన్ షాపు గడప మీద ఉన్నాను.

సుభద్రత్త మా నాన్నకు అక్క. మామయ్య పోయాక షాపు ఆమె పేరిట మారింది. అది తనకే రావాలని ఆమె మరిది చెప్పులరిగేలా తిరిగి, రాకపోయేసరికి వదిన పేరెత్తితేనే మండిపడేవాడు.

కోటా బండి వచ్చిన రోజు మాకు పండగ. నీలం కిరసనాయిలు డ్రమ్ము మూత తీసినప్పటి ఘాటు, చెమ్మకు ముద్దకట్టిన పంచదార, ఎండకు ఆరేసిన ఖాళీ గోతాల్లో కాళ్లు దూర్చి మేం గెంతిన పందేలు, దసరాకు పంచదార కాస్త ఎక్కువిచ్చిన ఏడు వీధి వీధినా బూరెలు వేగిన వాసన, తూకం సరిపోయాక కూడా అత్త కొసరుగా వేసే గుప్పెడు బియ్యం, అన్నీ ఆ గడప మీదే చూశాను.

మిరపకోతలు మొదలైతే ఊరి చివర కూలీల కాలనీ సగం ఖాళీ అయ్యేది. పిల్లాజెల్లా, సత్తుగిన్నెలు, కోళ్లగంపలతో సహా గుంటూరు వైపు పోతూ రేషన్ కార్డులు అత్త చేతిలో పెట్టేవాళ్లు. ఏ నెల సరుకు ఆ నెల తీసుకోకపోతే పోయినట్టే మరి. అత్త వాళ్ల బియ్యం తూచి, ఎవరి సంచిలో వాళ్లవి పోసి, గుర్తుగా వాళ్ల పాత చీరపేలికే మూతికి కట్టి, తన మంచం కింద పెట్టేది. పచ్చపేలిక మూట ఆ కాలనీలోని నాగమ్మది.

ఒక ఏడు మరిది అర్జీ పెట్టాడు. తనిఖీ జీపు వచ్చింది. మంచం కింది మూటలన్నీ వాకిట్లోకి లాగారు.

“అయ్యా, అయి నాయి గాదయ్యా. కోతలకు బొయ్యినోళ్లయి. ఉగాదికొచ్చి తీసకపోతారు,” అంది అత్త.

“అయితే వాళ్లను పిలిపించమ్మా,” అన్నాడు అధికారి.

ఏ చేలో ఉన్నారో ఎవరికి తెలుసు? ఇంట్లో సర్కారు బియ్యం, చేతిలో పరాయి కార్డులు. నల్లబజారుకే అని తేల్చేసి మూటలు జీపులో వేసుకుపోయారు. లైసెన్సు రద్దయింది, షాపు మరిదికి పోయింది. ఉగాదికి తిరిగొచ్చిన నాగమ్మ మంచం కిందికి వంగి చూసి అలాగే నేల మీద కూలబడితే, అత్తే ఇంట్లోని బియ్యం కొలిచి ఆమె కొంగులో పోసింది. కాలనీ అంతా ఆఫీసుకు పోయి సాక్ష్యం చెప్తామంది. ఉత్తర్వు అయిపోయింది, ఇప్పుడేం చేస్తామన్నారు ఆఫీసువాళ్లు. అత్త చేతి కొసరు తిన్న ఊరే ఆమెను దొంగ డీలరంది. ఆ నోళ్లు పడిపోనూ అని ఇప్పటికీ తిట్టుకుంటాను. ఆపైన అత్త బజారు దారిన నడవలేదు. ఆ పేరు మోస్తూనే పోయింది.

ఇప్పుడు కోతలకు పోయినవాళ్లు ఎక్కడుంటే అక్కడే వేలిముద్ర వేసి బియ్యం తెచ్చుకోవచ్చట. నాగమ్మ కొడుకు గుంటూరులోనే తీసుకుంటున్నాడని అమ్మ ఫోన్లో చెప్పింది. సంతోషమే. నీలం కిరసనాయిలు లేదు, పేలికలు కట్టే అవసరమూ లేదు. అత్త మీద పడ్డ మాట మాత్రం ఎవరూ వెనక్కి తీసుకోలేదు.

నిన్న మా అమ్మాయి ప్రెస్ తెరిచి, బస్తా చూపిస్తూ “హూజ్ ఈజ్ దిస్, మామ్?” అంది.

“శ్రావణి ఆంటీది. వచ్చి తీసుకుపోతుంది,” అన్నాను.

“గ్రాండ్,” అని, అంటే ఇక్కడి పిల్లల మాటలో సరేనని, తలుపు వేసేసింది.

అత్త చెప్పిందీ ఇంత మాటే. జీపు దిగినవాళ్లలో ఆ మాత్రం నమ్మినవాడు ఒక్కడూ లేకపోయాడు.