గ్యాస్ పేరు విని వద్దన్న వైద్యం

ఆ రోజు తలస్నానం చేసి పుస్తెలతాడు సర్దుకుంటుంటే మెడ పక్కన గడ్డ చేతికి తగిలింది. నొప్పి లేదు కదా అని పసుపు రాసుకుని ఊరుకున్నాను. తరవాత చెమటలు పట్టడం, ఒళ్లు తగ్గిపోవడం మొదలైతే మా ఆయన బెల్లంపల్లి నుంచి కరీంనగర్ తీసుకుపోయాడు. గడ్డలోంచి ముక్క తీసి బయాప్సీ చేశారు.

"లింఫోమా, అంటే లింఫు గ్రంథుల క్యాన్సర్. తొందరగా కీమో మొదలుపెడితే నయమయ్యే అవకాశం బాగా ఉంది," అంది డాక్టరమ్మ.

ఏం మందులని మా ఆయన అడిగాడు. ఆమె మంచి మనసుతోనే వివరంగా చెప్పింది.

"ఇందులో ఒకటి సైక్లోఫాస్ఫమైడ్. దీని మూలం యుద్ధంలో వాడిన మస్టర్డ్ గ్యాస్ అనే విషవాయువు. అది తగిలిన సైనికుల రక్తంలో తెల్లకణాలు పడిపోవడం అప్పటి డాక్టర్లు చూశారు. ఆ రసాయనాన్నే మార్చి, మోతాదు చూసి క్యాన్సర్ మీద వాడుతున్నాం."

మా ఆయన బొగ్గుబాయిలో పనిచేసి రిటైరైనవాడు. బాయిలో గ్యాస్ తగిలే ఆయన తమ్ముడు పోయాడు. ఆ శవాన్ని పైకి మోసినవాళ్లలో ఈయన ఒకడు. గ్యాస్ అన్న మాట చెవిన పడగానే కుర్చీలోంచి లేచాడు.

"గ్యాస్ నా తమ్మున్ని మింగింది. గిప్పుడు గీమె నరాలల్ల ఎక్కిస్తరా? నడువే, ఇంటికి పోదాం!"

"జర ఆగయ్యా, మేడం చెప్పేది పూర్తిగ ఇను," అన్నాను. వింటేగా!

ఆకుమందు తాగుతూ బతుకమ్మ పండుగ దాకా లాగాం. ఆటలో ఊపిరాడక కూలబడ్డాను. మళ్లీ ఆ డాక్టరమ్మ దగ్గరికే పోయాం.

"ఛాతీలోకి, కడుపులోకి పాకింది. ఇంత ఆలస్యం చేశారేమిటి?"

మా ఆయన తల ఎత్తలేదు. "తప్పయింది మేడం. ఎక్కియ్యుండ్రి."

కీమోకు జుట్టంతా ఊడింది. "తెల్లకణాల కౌంట్స్ పడిపోయాయి," అని నన్ను వేరే గదిలో ఉంచారు. జ్వరంలో ఆ సిపాయిలు గుర్తొచ్చి ఏడ్చాను. వాళ్లకూ ఇట్లాగే అయింది, కానీ చంపడానికి చేశారు. ఏ తల్లులు కన్న కొడుకులో, పాపం!

గడ్డలు కరిగాయి. ఏడాది తిరక్కముందే మళ్లీ వచ్చాయి. "ఇక పూర్తిగా నయమవుతుందని చెప్పలేను. అదుపులో పెడుతూ పోదాం," అంది డాక్టరమ్మ. ఇప్పుడు మాత్రల మీద ఉన్నాను. ఓపిక ఉన్న రోజు వంట చేస్తాను, లేనప్పుడు ఆయనే వండుతాడు.

మీకు చెప్పేదొకటే. మందు గురించి ఏ మాట భయపెట్టినా ఆ డాక్టరునే అక్కడికక్కడే అడిగేయండి. ఆ భయంతో ఇంటికి వచ్చేయకండి.

నిన్న అన్నం పెడుతూ మా ఆయన అడిగాడు, "గప్పుడే ఎక్కిచ్చుకుంటే బాగయ్యేదానివి గదనే?"

"ఏమోనయ్యా, గప్పుడైనా గిట్లనే అయ్యేదేమో," అన్నాను.

అబద్ధమే చెప్పాను. నా తరవాత కూడా ఆయన బతకాలి కదా.